రావి కొండలరావు గారు మన శ్రీకాకుళం లెక్కలోకి రారా?

విభాగం: సినిమా, నాటకం, టీవీ

నాగావళి గట్టు (శ్రీకాకుళం)

మా ఊళ్లో ఒక స్కూలు వాళ్లు జిల్లా నటుల ఫొటోలతో హాల్లో పెద్ద బోర్డు పెడుతున్నారు. పేర్లు రాసే పనిలో నన్నూ కూర్చోబెట్టారు. జె.వి. సోమయాజులు గారు, జె.వి. రమణమూర్తి గారు అనగానే అందరూ తల ఊపారు. లుకలాం అగ్రహారం అన్నదమ్ములు, ఒకరు 'శంకరాభరణం' శంకరశాస్త్రి, ఇంకొకరు 'కన్యాశుల్కం' నాటకంలో గిరీశం, అక్కడ పేచీ ఏముంటుంది? మూడో పేరుగా నేను రావి కొండలరావు గారిని రాశాను. "ఆయన పుట్టింది సామర్లకోట కదా, మనకేం సంబంధం?" అని కొట్టేశారు. అక్కడితో ఆగినా బాగుండేది. ఒకాయన "అయినా ఆయనవన్నీ చిన్న వేషాలే కదండీ" అన్నారు.

మొదటి మాటకు జవాబు ఉంది. 1932 ఫిబ్రవరి 11న ఆయన సామర్లకోటలో పుట్టిన మాట నిజమే. తండ్రిగారు పోస్ట్‌మాస్టర్. రిటైరయ్యాక శ్రీకాకుళంలో స్థిరపడ్డారు. కొండలరావు గారి స్కూలు చదువు, నాటకాల పిచ్చి, రాయడం మొదలుపెట్టడం అన్నీ ఇక్కడే. తన జీవితం గురించి రాసుకున్న పుస్తకానికి ఆయన పెట్టిన పేరు 'నాగావళి నుంచి మంజీర వరకు'. తన బతుకు ఏ నది ఒడ్డున మొదలైందో ఆయనే చెప్పుకున్నాక మనం కాదనడం ఏమిటి?

రెండో మాట మాత్రం నాకు నిద్ర పట్టనివ్వలేదు. 1958లో 'శోభ' సినిమాతో తెర మీదకు వచ్చారు. 2020 జూలై 28న హైదరాబాద్‌లో పోయేనాటికి 88 ఏళ్లు. ఆ మధ్యలో తెలుగు సినిమా నలుపు తెలుపు నుంచి రంగుల్లోకి, మద్రాసు నుంచి హైదరాబాద్‌కి, హాలు నుంచి ఇంట్లో టీవీలోకి వచ్చింది. హీరోల తరాలే మారిపోయాయి. ఆయన మాత్రం డాక్టరుగా, ప్లీడరుగా, మాస్టారుగా, పెళ్లికూతురి తండ్రిగా, తాతగా కనపడుతూనే ఉన్నారు. అన్నేళ్లు పిలుపు వస్తూ ఉండాలంటే మనిషిలో ఏముండాలి? తెలిసినవాళ్లు చెప్పండి. వచ్చే సమావేశానికి నేను ఆ మాటలు పట్టుకెళ్లాలి.

---

కోటబురుజు (విజయనగరం)

గట్టు గారూ, మీ అభిమానం నాకు అర్థమైంది. కానీ పుట్టిన ఊరు అనే నియమం ఒకటి పెట్టుకోకపోతే ఈ జాబితాకి అంతుండదు. ఇక్కడ కొన్నాళ్లు చదువుకున్నవాళ్లు, ఉద్యోగం చేసి వెళ్లినవాళ్లు, అత్తారిల్లు ఇక్కడ ఉన్నవాళ్లు అందరూ మనవాళ్లే అంటే బోర్డు గోడంతా పట్టదు.

ఇంకో సంగతి కూడా సూటిగా అడుగుతున్నాను. ఆయన 600 సినిమాలు చేశారని పోయినప్పుడు పేపర్లు రాశాయి. అందులో పిల్లలు గుర్తుపట్టే పాత్ర పేరు ఒకటి చెప్పండి. సోమయాజులు గారికి 1980లో ఒక్క 'శంకరాభరణం' చాలు, ఆ తర్వాత ఇంకేం చేయకపోయినా ఆయన ఫొటో ఆ గోడ మీద ఉండేది. పిల్లలకు చూపించే బోర్డు కాబట్టే ఈ ప్రశ్న.

---

మూడులాంతర్లు (విజయనగరం)

కోటబురుజు బాబూ, పుట్టిన ఊరే నియమం అయితే గొల్లపూడి మారుతీరావు గారి సంగతి చూద్దాం. 1939 ఏప్రిల్ 14న విజయనగరంలో పుట్టారు. పెరిగింది, చదివింది విశాఖపట్నంలో. ఆంధ్రా యూనివర్సిటీలో చదువుకున్నారు. తర్వాత పత్రిక, రేడియో, మద్రాసు. మనం ఆయన్ను మన ఊరివాడని గర్వంగా చెప్పుకుంటాం, చెప్పుకోవాలి కూడా. విశాఖవాళ్లూ తమవాడంటారు. వాళ్ల మాటా తప్పు కాదు. పుట్టిన ఊరికి ఒక హక్కు, పెంచిన ఊరికి ఇంకో హక్కు. ఒకటి ఉందని రెండోది పోదు.

గొల్లపూడి గారి లెక్కే తీసుకుంటే ఇంకో విషయం తెలుస్తుంది. 1964లో 'డాక్టర్ చక్రవర్తి'కి రాసి నంది అందుకున్న మనిషి, నటుడిగా నిలబడింది 1982లో 'ఇంట్లో రామయ్య వీధిలో కృష్ణయ్య'తో. అంటే నలభై దాటాక. సోమయాజులు గారు డిప్యూటీ కలెక్టరు ఉద్యోగంలో ఉండగా శంకరశాస్త్రి అయ్యారు. మన వైపు క్యారెక్టర్ నటులు చాలామంది ఇలా వేరే పని చేసుకుంటూ, వేరే జీవితం చూసి, ఆ తర్వాత తెరకెక్కినవాళ్లే. మొహంలో ఆ అనుభవం కనపడుతుంది. పాతికేళ్ల కుర్రాడికి మీసం అంటించి తండ్రిని చేస్తే అది రాదు.

రమణమూర్తి గారి గురించి కూడా ఒక మాట. అన్నగారి కన్నా చాలా ముందు, 1957లోనే 'ఎమ్మెల్యే' సినిమాతో వెండితెర మీదకు వచ్చారు. 'మరో చరిత్ర'లో ఉన్నారు, 'సప్తపది'లో అన్నగారితో కలిసి ఉన్నారు. కానీ సినిమా ఆయనకు గిరీశం లాంటి వేషం ఏనాడూ ఇవ్వలేదు. ఆ వేషం ఆయన నాటకంలోనే దశాబ్దాల పాటు వేసుకున్నారు. 1892లో మన విజయనగరంలో మొదటిసారి ఆడిన నాటకం అది. అన్న రామప్పపంతులు, తమ్ముడు గిరీశం. చూసినవాళ్లను అడగండి, ఇప్పటికీ ఆ చుట్ట, ఆ నడక చేసి చూపిస్తారు. సినిమాలో చిన్న వేషం వేసినంత మాత్రాన నటుడు చిన్నవాడు కాదనడానికి అంతకన్నా సాక్ష్యం ఏం కావాలి?

---

సైడ్ వింగ్ (శ్రీకాకుళం)

"చిన్న వేషం" అన్న మాట విని ఊరుకోలేక రాస్తున్నాను. నేను పరిషత్తు నాటకాలు ఆడినవాణ్ణి, సినిమా షూటింగుల్లోనూ అప్పుడప్పుడూ నిలబడ్డాను. కాబట్టి పని ఎలా జరుగుతుందో చెబుతాను.

ఫిలిం రోజుల్లో కెమెరా తిరిగినంతసేపూ డబ్బు ఖర్చవుతూనే ఉండేది. రీటేక్ అంటే మళ్లీ ముడి ఫిలిం, మళ్లీ లైట్లు, మళ్లీ హీరో సమయం. హీరో డేట్లు దొరకడమే కష్టం. అలాంటి సీన్‌లో తండ్రి వేషం వేసే మనిషి నాలుగుసార్లు మాట తడబడితే ప్రొడక్షన్ మేనేజర్‌కి టెన్షన్, డైరెక్టర్‌కి చిరాకు. ఆ మనిషిని ఇంకోసారి పిలవరు. మొదటి టేకులోనే మాట, చూపు, చెయ్యి మూడూ సరిగ్గా పడే మనిషి కావాలి. 'అమ్మా' అన్న మాట దగ్గర కళ్లజోడు తీస్తే, క్లోజప్‌లోనూ సరిగ్గా అదే మాట దగ్గర తీయాలి. లేకపోతే ఎడిటింగ్ బల్ల మీద అతకదు. ఈ క్రమశిక్షణ నాటకం నుంచి వచ్చినవాళ్లకు ఒంట్లో ఉంటుంది.

కానీ నాటకం వల్ల ఇబ్బంది కూడా ఉంది, దాన్ని ఎవరూ చెప్పరు. బాపూజీ కళామందిర్‌లో ఆఖరి వరసకు వినపడాలని గొంతు పెంచి అలవాటైన మనిషి మైకు ముందు అలాగే అరిస్తే తెర మీద చూడలేం. చెయ్యి ఇంతెత్తున లేపితే ఫ్రేమ్ దాటిపోతుంది. గొప్ప రంగస్థల నటులు చాలామంది సినిమాలో నిలబడలేకపోవడానికి కారణం ఇదే. కొండలరావు గారిలో నాటకం వాసన కనపడదు. నెమ్మదైన మాట. ఎదుటివాడు మాట్లాడుతున్నప్పుడు నిజంగా వింటున్న మొహం. వినడం నటించడం ఎంత కష్టమో ప్రయత్నించినవాడికే తెలుసు.

దీనికి నాకు తోచిన కారణం ఒకటే. ఆయన రచయిత. 'కుక్కపిల్ల దొరికింది', 'నాలుగిళ్ల చావిడి', 'పట్టాలు తప్పిన బండి' లాంటి నాటికలు రాసిన చెయ్యి. నాటిక రాసేవాడికి ఈ సీన్ ఎవరిదో తెలుస్తుంది. హీరోయిన్ ఏడ్చే సీన్‌లో తండ్రి కూడా పోటీపడి ఏడిస్తే సీన్ పోతుంది. తండ్రి ఏడుపు ఆపుకుంటేనే ప్రేక్షకుడు ఏడుస్తాడు. ఆయన ఎప్పుడూ సీన్ లాక్కోలేదు, సీన్‌ని మోశారు. కోటబురుజు గారు పాత్ర పేరు చెప్పమన్నారు. ఆ వేషాలకు చాలావాటికి పేరే ఉండదండీ, 'డాక్టరు' అనో 'హీరోయిన్ తండ్రి' అనో రాసి ఉంటుంది. పేరు లేని వేషానికి ఒక మనిషిని తయారుచేయడమే ఆయన అరవై ఏళ్లు చేసిన పని.

---

పాలకొండ రోడ్డు

నేను డిగ్రీ చదువుతున్నాను. నిజం చెప్పాలంటే ఆయన మొహం తెలుసు, పేరు ఈ చర్చ చదివాకే తెలిసింది. మా నానమ్మ టీవీలో పాత సినిమా చూస్తూ "అదిగో కొండలరావు" అంటుంటే ఎవరో చుట్టం అనుకునేవాణ్ణి. సార్, ఎక్కడ మొదలుపెట్టి చూడాలి? నటన కోసమైతే ఒకటి, రాత కోసమైతే ఒకటి చెప్పండి.

---

పాతసంచికలు (విజయనగరం)

పాలకొండ తమ్ముడూ, రాత కోసమైతే 'పెళ్లి పుస్తకం' (1991)తో మొదలుపెట్టు. బాపు గారి దర్శకత్వం, ముళ్లపూడి వెంకటరమణ గారి మాటలు. కథ మాత్రం కొండలరావు గారిది. ఆ కథకు నంది వచ్చింది. 'శ్రీరస్తు శుభమస్తు' పాట లేని పెళ్లి వీడియో మన జిల్లాల్లో ఉందా? పాట రాసిన ఆరుద్ర గారు విజయనగరంలో చదువుకున్నవారే.

ఆ కథ వెనక ఒక తమాషా ఉంది. 1955లో విజయావారి 'మిస్సమ్మ'లో పెళ్లికానివాళ్లిద్దరు ఉద్యోగం కోసం భార్యాభర్తలమని చెప్పుకుంటారు. 'పెళ్లి పుస్తకం'లో నిజంగా పెళ్లయిన ఇద్దరు ఉద్యోగం కోసం పెళ్లికానివాళ్లలా ఉంటారు. అదే చిక్కును తిరగేసి చూశారన్నమాట. అలా తిరగేయడం ఆయనకు ఎలా తోచిందంటే, ఆ ఇంటి వాతావరణంలోనే రెండు దశాబ్దాలకు పైగా పనిచేశారు కాబట్టి. ఆ విజయావారిదే అయిన చందమామ సంస్థ నడిపిన 'విజయచిత్ర' సినిమా పత్రికకు ఆయనే ప్రాణం. తర్వాత 1994లో 'భైరవద్వీపం'కి కూడా రాశారు. జానపద సినిమాలు దాదాపు ఆగిపోయిన రోజుల్లో అలాంటి కథను పిల్లలూ పెద్దలూ కలిసి చూసేలా తేగలగడం మామూలు పని కాదు.

నా దగ్గర పాత విజయచిత్ర సంచికలు కొన్ని ఉన్నాయి. మా మామయ్య దాచినవి. అందులో నాకు నచ్చేది ఏమిటంటే, సినిమా మనుషుల గురించి రాసేటప్పుడు ఎక్కడా వెకిలితనం ఉండదు. పొద్దున ఎవరి పక్కన నిలబడి వేషం వేశారో, సాయంత్రం వాళ్ల గురించే పత్రికలో రాయాలి. అటు నటుడిగా నమ్మకం పోకూడదు, ఇటు పాఠకుడికి అబద్ధం చెప్పకూడదు. అన్నేళ్లు రెండూ నిలబెట్టుకున్నారు. తర్వాత ఆ జ్ఞాపకాలే 'బ్లాక్ అండ్ వైట్' పుస్తకం అయ్యాయి, సినిమా మీద ఉత్తమ గ్రంథంగా దానికీ నంది ఇచ్చారు. పాత సినిమాలను నవలలుగా కూడా రాశారు.

కోటబురుజు గారూ, పిల్లలకు చెప్పాల్సింది పాత్ర పేరు ఒక్కటేనా? ఒక మనిషి నటిస్తూ, రాస్తూ, పత్రిక నడుపుతూ జీవితం గడపవచ్చని చెప్పకూడదా?

---

బొబ్బిలి వీణ

పొద్దుట్నుంచి చదువుతున్నాను. ఇంతమంది ఇన్ని మాటలు రాశారు, రాధాకుమారి గారి పేరు ఒక్కరి నోటా రాలేదు. ఆవిడ విజయనగరం ఆడపడుచు. కొండలరావు గారి భార్య అన్నది తర్వాతి మాట. అంతకుముందే నాటకాల్లో నటించిన మనిషి. నాటకాల్లోనే ఇద్దరూ కలిసి పనిచేశారు, ఆ తర్వాతే పెళ్లి.

ఆ రోజుల్లో ఒక ఆడపిల్ల నాటకంలోకి రావడం అంటే ఇంట్లో ఎంత గొడవో మా అమ్మమ్మ చెప్పేది. నాటక సమాజాలకు నటీమణులు దొరికేవారు కారు. ఒక ఊళ్లో నటి ఉంటే చుట్టుపక్కల నాలుగు ఊళ్ల సమాజాలూ ఆవిడ కోసమే వచ్చేవి. రాత్రంతా నాటకం, తెల్లారుజామున బస్సు, మధ్యాహ్నం ఇంకో ఊళ్లో రిహార్సల్. వేషం వేసినంతసేపు చప్పట్లు, వీధిలో నడుస్తుంటే గుసగుసలు. దాన్ని తట్టుకుని మద్రాసు దాకా వెళ్లడం చిన్న సంగతా?

సినిమాలో మగ క్యారెక్టర్ ఆర్టిస్టుకి, ఆడ క్యారెక్టర్ ఆర్టిస్టుకి ఒక తేడా ఉంది. మగవాళ్లకు డాక్టరు, జడ్జి, ప్రొఫెసరు, మేనేజరు అని రకరకాల వేషాలు వస్తాయి. ఆడవాళ్లకు ముప్ఫై దాటగానే తల్లి, నలభైకి అత్త, యాభైకి బామ్మ. హీరో కన్నా చిన్నదై ఉండి హీరోకి అమ్మగా వేసినవాళ్లు ఎందరో! ఆ మూడు వేషాల్లోనే తేడా చూపించుకుంటూ బతకాలి. రాధాకుమారి గారు గయ్యాళి అత్త వేసినా, నోట్లో నాలుక లేని ఇల్లాలు వేసినా ఆ చీరకొంగు సర్దుకోవడంలోనే ఈవిడ ఎలాంటి ఇంటినుంచి వచ్చిందో తెలిసిపోయేది. ఇంట్లో కాఫీ గ్లాసు అందించినట్టే తెర మీదా అందించేవారు. అంత మామూలుగా చేయడం వల్లే దాన్ని నటన అని ఎవరూ గుర్తించలేదేమో అనిపిస్తుంది నాకు.

ఇద్దరూ ఎన్నో సినిమాల్లో భార్యాభర్తలుగానే వేశారు. పాలకొండ రోడ్డు తమ్ముడు నటన కోసం అడిగాడు కదా, 'మీ శ్రేయోభిలాషి' (2007) చూడమనండి. అప్పటికి ఇద్దరూ నిజంగానే పెద్దవాళ్లు. ఒక జీవితం కలిసి గడిపిన మనుషులు పక్కపక్కన కూర్చుంటే దర్శకుడు ఏమీ చెప్పక్కర్లేదు.

ఆవిడ 2012 మార్చి 8న పోయారు. సరిగ్గా మహిళా దినోత్సవం రోజు. మా ఊళ్లో ఆ రోజు సభలు చాలా జరుగుతాయి, ఎవరెవరి పేర్లో తలుచుకుంటారు. ఆవిడ పేరు నేను ఇంతవరకు ఒక్క సభలోనూ వినలేదు.

---

నాగావళి గట్టు

వీణ గారూ, ఈ పోస్టు నేను అచ్చు తీయించి సమావేశానికి పట్టుకెళ్తాను, మీకు అభ్యంతరం లేకపోతే.

---

బొబ్బిలి వీణ

తీసుకెళ్లండి అన్నయ్యగారూ. నా పేరు అక్కర్లేదు, ఆవిడ పేరు ఉంటే చాలు.

---

డైలీ షెడ్యూల్ (రాజాం)

నేను కొన్నేళ్లు హైదరాబాద్‌లో సీరియళ్లకు ప్రొడక్షన్‌లో పనిచేశాను. కొండలరావు గారితో చేసే అదృష్టం దొరకలేదు కాబట్టి ఆయన గురించి చెప్పలేను. కానీ ఆ తరం నటులు టీవీకి ఏం ఇచ్చారో చూశాను.

1995లో జెమిని, ఈటీవీ వచ్చాక తెలుగులో సీరియళ్ల జోరు మొదలైంది. సినిమాలో అప్పటికే హీరో చుట్టూ స్నేహితుల గుంపు, కామెడీ ట్రాక్ పెరిగి, తండ్రి తల్లి వేషాలు తగ్గిపోతున్నాయి. మద్రాసు నుంచి పరిశ్రమ మారిపోవడంతో ఇల్లు వాకిలి అక్కడే ఉన్న నటులు చాలామంది ఇబ్బందిపడ్డారు. అలాంటి సమయంలో సీరియల్ వాళ్లకు నెలకు ఇన్ని రోజులని నికరమైన పని ఇచ్చింది. సీరియల్ అంటే ఇల్లే కదా కథ. తాత, బామ్మ, పెదనాన్న లేకుండా అక్కడ సీన్ నడవదు.

సినిమాలో రోజుకు రెండు మూడు సీన్లు తీస్తే గొప్ప. సీరియల్‌లో అంతకు ఎన్నో రెట్లు తీయాలి, ఎందుకంటే రేపటికి ఎపిసోడ్ వెళ్లాలి. డైలాగ్ పేపరు ఒక్కోసారి షాట్ ముందే చేతికొస్తుంది. కుర్ర ఆర్టిస్టులు ప్రాంప్టింగ్ మీద ఆధారపడతారు. వెనకనుంచి అసిస్టెంట్ చదువుతుంటే విని చెప్పేస్తారు. పెద్దవాళ్లు అలా ఒప్పుకునేవారు కారు. పేపరు తీసుకుని ఒక మూల కూర్చుని, "బాబూ, దీని ముందు సీన్‌లో ఈయన అలిగి వెళ్లాడా, నవ్వుతూ వెళ్లాడా?" అని అడిగేవారు. ఆ ప్రశ్నకు సమాధానం మాలో చాలామందికి తెలిసేది కాదు. పరిగెత్తుకెళ్లి పాత పేపర్లు వెతికి చెప్పేవాళ్లం. చాలా సీరియళ్లకు తమ బట్టలు తామే తెచ్చుకోవాలి. ఏ సీన్‌కి ఏ పంచె కట్టారో వాళ్లే చిన్న పుస్తకంలో రాసుకునేవారు.

ఒక సంస్థ నెలల తరబడి డబ్బులు ఆపితే ఒక పెద్దాయన లొకేషన్‌కి బస్సులో వచ్చేవారు, సమయానికే వచ్చేవారు. "నేను రాకపోతే ఆ పిల్ల సీన్ ఆగిపోతుంది కదా" అనేవారు. ఆ మాట విన్న రోజు నేను ప్రొడక్షన్ వాడిగా తలెత్తుకోలేకపోయాను.

చిన్న వేషం అంటే ఇదండీ. ఎవరి సీనో ఆగకూడదని వచ్చే మనిషి.

పోతే, జిల్లా గొడవ. మా రాజాం 2022 ఏప్రిల్ దాకా శ్రీకాకుళం జిల్లా, ఇప్పుడు విజయనగరం జిల్లా. పాలకొండ తమ్ముడు ఇప్పుడు పార్వతీపురం మన్యం జిల్లావాడు. విజయనగరం జిల్లాయే 1979 జూన్ 1న ఏర్పడింది. అంతకుముందు పుట్టినవాళ్లను ఏ జిల్లా బోర్డు మీద రాస్తారు? మా వీధిలో తాతగారు శ్రీకాకుళం, మనవడు విజయనగరం, ఇద్దరూ పుట్టింది ఒకే ఇంట్లో.

---

కోటబురుజు (విజయనగరం)

రాజాం సంగతి బాగా పట్టుకున్నారు. పుట్టిన జిల్లా అన్న నియమం ఒక్కటే పెట్టుకుంటే పని జరగదని ఒప్పుకోవాల్సిందే. అయినా నియమం అంటూ ఏదో ఒకటి ఉండాలన్నదే నా పట్టు. లేకపోతే రేపు ఎవరో ఒక పెద్ద హీరో వాళ్ల తాతగారు ఇక్కడ తహసీల్దారు చేశారని ఆయన ఫొటో కూడా తెస్తారు, ముందు వరసలో పెట్టమంటారు. అప్పుడు కొండలరావు గారి లాంటివాళ్లే వెనక్కి పోతారు.

కాబట్టి నా సలహా ఇది. ఇక్కడ పుట్టినవాళ్లు, లేదా నటన ఇక్కడ నేర్చుకున్నవాళ్లు. ఈ రెండింటిలో ఏది ఉన్నా బోర్డు మీదకు రావాలి. మొదటి వేషం, మొదటి నాటకం, మొదటి రిహార్సల్ ఇక్కడ జరిగితే చాలు. కొండలరావు గారికి రెండోది సరిపోతుంది. గొల్లపూడి గారు, రాధాకుమారి గారు మొదటిదాని కింద విజయనగరం జాబితాలోకి వస్తారు.

పాత్ర పేరు గురించి అడిగింది మాత్రం పిల్లల తరఫున. సైడ్ వింగ్ గారి జవాబు పెద్దలకు బాగుంది. ఎనిమిదో తరగతి కుర్రాడు ఫొటో ముందు నిలబడి "ఈయనేం చేశారు?" అంటే రెండు వాక్యాల్లో ఏం చెబుతారు? అది తేల్చండి.

---

సైడ్ వింగ్

న్యాయమైన మాట. నా ప్రయత్నం:

"రావి కొండలరావు (1932–2020). శ్రీకాకుళంలో చదువుకుంటూ నాటకాలు ఆడి, రాసి, 1958లో సినిమాల్లోకి వెళ్లారు. అరవై ఏళ్లు నటుడు, 'పెళ్లి పుస్తకం' కథా రచయిత, సినిమా పాత్రికేయుడు."

---

మూడులాంతర్లు

'సినిమా పాత్రికేయుడు' అంటే పిల్లలకు ఏం తెలుస్తుంది? 'విజయచిత్ర పత్రికను రెండు దశాబ్దాలకు పైగా నడిపించారు' అని రాయండి. ఇంకోటి, 'వెళ్లారు' దగ్గర ఆపకండి. 'నాగావళి నుంచి మంజీర వరకు' పేరు తప్పకుండా ఉండాలి. బోర్డు చూసిన పిల్లల్లో ఒక్కడైనా లైబ్రరీకి వెళ్లి ఆ పుస్తకం అడిగితే మన పని అయినట్టే. స్కూలు లైబ్రరీలో ఒక కాపీ ముందుగా తెప్పించి పెట్టమని చెప్పు గట్టు బాబూ. అడిగినవాడికి లేదనకూడదు.

---

పాలకొండ రోడ్డు

'పెళ్లి పుస్తకం' చూశాను సార్, నానమ్మతో కలిసి. ఆవిడకు మాటలన్నీ వచ్చు, ముందే చెప్పేస్తోంది. 'కుక్కపిల్ల దొరికింది' మా కాలేజీ వార్షికోత్సవానికి వేద్దామని ఫ్రెండ్స్‌ని అడిగాను. నలుగురు సరేనన్నారు. స్క్రిప్టు ఎవరి దగ్గరైనా ఉందా? సైడ్ వింగ్ సార్, ఒక్కసారి వచ్చి రిహార్సల్ చూడగలరా?

---

సైడ్ వింగ్

స్క్రిప్టు వెతికిస్తాను. తప్పకుండా వస్తాను. కానీ ముందు మీరు మాటలు కంఠతా పట్టి ఉండాలి, సెల్‌ఫోన్ చూసి చెప్పేవాళ్లకు నేను రిహార్సల్ పెట్టను. నవ్వించాలని ఎవరూ ప్రయత్నించకండి. మాట నిజంగా అన్నట్టు అనండి, నవ్వు దానంతటదే వస్తుంది.

---

పాతసంచికలు

బోర్డుకు ఫొటో కావాలంటే ఇద్దరూ కలిసి ఉన్న మంచి బొమ్మ కోసం నా సంచికలు తిరగేస్తాను. ఇంటర్నెట్‌లో దొరికేవి పెద్దగా చేస్తే మసకబారుతున్నాయి.

---

నాగావళి గట్టు

ఇవాళ సమావేశం అయింది. పేరు పెట్టడానికి ఒప్పుకున్నారు. సైడ్ వింగ్ గారి వాక్యాలు, మూడులాంతర్లు మాస్టారు చెప్పిన మార్పులతో తీసుకున్నారు. "చిన్న వేషాలు" అన్న ఆయనే రాజాం అన్నగారి పోస్టు రెండుసార్లు చదివించుకున్నారు. లైబ్రరీకి పుస్తకం తెప్పించడానికి హెడ్‌మాస్టరు గారు సరేనన్నారు.

రాధాకుమారి గారి దగ్గర మాత్రం ఇంకా తేలలేదు. ఆవిడ విజయనగరం కాబట్టి ఫొటోలో పక్కన ఉంటే చాలు, విడిగా పేరు ఎందుకు అంటున్నారు. 'సతీసమేతంగా' అని రాస్తామన్నారు.

---

బొబ్బిలి వీణ

వద్దు అన్నయ్యగారూ, 'సతీసమేతంగా' అని రాయనివ్వకండి. ఆవిడ ఆయన వెంట వెళ్లిన మనిషి కాదు, తన పని తాను చేసిన నటి. "రాధాకుమారి, విజయనగరం, రంగస్థల, సినిమా నటి, మరణం 2012" అని ఆయన పేరు ఎంత సైజులో ఉంటే అంత సైజులో రాయించండి. అక్షరాలకు అదనంగా డబ్బులు అయితే నేను పంపిస్తాను.

---

కోటబురుజు (విజయనగరం)

సగం నాది. అక్కడ ఒప్పుకోకపోతే చెప్పండి, విజయనగరంలో ఆవిడకు విడిగా బోర్డు పెట్టించే పని నేను చూస్తాను. గట్టు గారూ, పెయింటర్ ఎప్పుడు వస్తున్నాడు?

---

నాగావళి గట్టు

సోమవారం. ఆదివారం సాయంత్రం లోపు ఫొటో కావాలి పాతసంచికలు గారూ. వీణ గారి వాక్యం నేను పెయింటర్ కాగితంలో రాసి ఇచ్చేశాను.